సర్వర్లో పులి

నీలవేణి కొబ్బరిపీచుకు బూడిద అద్దుకుని చెంబు తోముతోంది. పక్కనే గోలెం అంచుకు ఆనించి పెట్టిన ఫోనులో చిన్న చక్రం తిరుగుతోంది. చెంబు తళతళలాడింది, చక్రం తిరుగుతూనే ఉంది. తపేలా అయింది, గరిటెలు అయ్యాయి, రాత్రి మాడిన చారుగిన్నె కూడా మొండితనం మానుకుని మాడు వదిలింది. అప్పటికి చక్రం ఆగింది.

"ధ్రువీకరణ విఫలమైనది. తమరు తమరు కారు."

నీలవేణి చేతులు కడుక్కుని దాన్ని మళ్ళీ చదివింది. సర్వరు మర్యాద తెలిసినదే. "నువ్వు నువ్వు కాదు" అనలేదు.

"నాన్నా, ఇంకోసారి చూడాలి" అంది.

అరుగు మీద తవిటినాయుడు తల దువ్వుకుని, చొక్కా గుండీలు మెడదాకా పెట్టుకుని, పెళ్ళి ఫోటోలో కూర్చున్నట్టు నిటారుగా కూర్చుని ఉన్నాడు. ఆమె ఫోను ఆయన ముఖం ముందు పట్టింది.

"కళ్ళు ఆర్పమంటోంది."

ఆర్పాడు.

"తల కుడిపక్కకు తిప్పమంటోంది."

తిప్పాడు.

"కొంచెం నవ్వమంటోంది."

"ఏ మాటకి?" అన్నాడు తవిటినాయుడు.

ఆయన ఊరికే నవ్వే మనిషి కాడు. ఊరికే మాట్లాడే మనిషి కూడా కాడు. కూతురి ముఖం చూసి ఎలాగో పెదాలు సాగదీశాడు. చక్రం మళ్ళీ తిరిగింది, మళ్ళీ అదే మాట చెప్పింది.

దొడ్లోంచి పేడబుట్టతో వస్తున్న సన్యాసమ్మ ఆగిపోయింది. "ఏటంటాదే అది?"

"నాన్న నాన్న కాదంటోందమ్మా."

"మరెవులంట? ఇన్నేళ్ళు నాను కాపరం సేసింది ఎవులతోని? అదీ సెప్పమను, తెలుసుకుంటాను!"

అది చెప్పలేదు. ఈ నెల నుంచి దానికి కావలసిందల్లా కుటుంబ పెద్ద ముఖం. ఆ ముఖం చూపిస్తే గానీ నివాస ధ్రువపత్రం డౌన్‌లోడ్ కాదు. ఆ పత్రం పట్టుకెళ్ళి శుక్రవారం సాయంత్రం లోగా పట్నంలో నర్సింగు స్కూలు వాళ్ళకు ఇవ్వాలి. ఇవ్వకపోతే నీలవేణికి వచ్చిన సీటు ఆమె వెనక ఉన్న పిల్లకు పోతుంది. ఆ పిల్లెవరో నీలవేణికి తెలియదు గానీ, వాళ్ళ నాన్న ముఖం మాత్రం వాళ్ళ నాన్న ముఖంలాగే ఉండి ఉంటుందని అనిపించింది.

ముగ్గురూ సచివాలయానికి బయల్దేరారు.

జంగాలవలస సచివాలయంలో కంప్యూటరు దగ్గర కూర్చునే కుర్రాడి పేరు శశిభూషణ్. మంచివాడు. ఎవరు ఏ బాధ చెప్పినా ముందు "ఒకసారి రిఫ్రెష్ చేద్దాం" అంటాడు. ఆ రోజూ రిఫ్రెష్ చేశాడు. కంప్యూటర్లో పాతవన్నీ తుడిచాడు. ఒక బ్రౌజరు మూసి ఇంకో బ్రౌజరు తెరిచాడు. తవిటినాయుణ్ణి కిటికీ పక్కన నిలబెట్టాడు, గోడకు ఆనించి నిలబెట్టాడు, సిగ్నలు బాగుంటుందని డాబా ఎక్కించాడు. అన్నీ అయ్యాక, "ఒకసారి ఆపేసి మళ్ళీ ఆన్ చేసి చూద్దాం పిన్నీ" అన్నాడు.

"ఎవుల్ని? ఫోన్నా, మీ బాబాయినా?" అంది సన్యాసమ్మ.

శశిభూషణ్ తెర మీద అంకె చూసి పెదవి విరిచాడు. "నాలుగొందల ఒకటి."

"అంటే?"

"సర్వర్లో ఫైలు అడిగితే మూడు రకాలుగా లేదంటాది పిన్నీ. నాలుగొందల నాలుగంటే, ఆ ఫైలే లేదు. నాలుగొందల మూడంటే, నువ్వెవరో తెలుసు, అయినా ఇవ్వను. నాలుగొందల ఒకటంటే, అసలు నువ్వెవరో నాకు తెలీదు. పాస్‌వర్డు బాగానే ఉంది. బాబాయి ముఖం దగ్గరే పేచీ."

సన్యాసమ్మ మూడూ వేళ్ళ మీద లెక్కపెట్టుకుంది. "అయితే మా అత్త నాలుగొందల మూడన్నమాట. నానెవులో తెలుసు, అయినా పెట్టీ తాళం ఇచ్చీది కాదు."

శశిభూషణ్ తన అధికారంతో లోపలికి వెళ్ళి, సర్వరు దగ్గర తవిటినాయుడి ముఖం ఎలా ఉందో తెరిచాడు. తెరిచి, కుర్చీ కొంచెం వెనక్కు జరుపుకున్నాడు.

తెర నిండా పులి ఉంది.

పసుపు రంగు ముఖం, నల్లటి చారలు, బుగ్గల మీద తెల్లటి చుక్కలు, ఎర్రగా తీర్చిన నోరు. కళ్ళు మాత్రం తవిటినాయుడివి. అవి ఎదురుగా ఉన్నవాణ్ణి ఇప్పుడో ఇంకాసేపటికో తినేద్దామన్నట్టు చూస్తున్నాయి.

అప్పుడు అందరికీ గుర్తొచ్చింది. నిరుడు సర్కారువారు ప్రతి మనిషి ముఖాన్నీ సర్వరుకు ఎక్కించాలని 'స్వరూప నమోదు' అనే పథకం పెట్టారు. ఊళ్ళో జనం పొలాలకు పోతే దొరకరు, ఇళ్ళకు వస్తే నిద్రపోతారు. అందరూ ఒక్కచోట ఉండేది పోలమ్మ జాతరనాడే. అందుకని పెద్దాఫీసువాళ్ళు జాతరనాడే గుడి పక్క శిబిరం వేశారు. మగవాళ్ళందరూ మొక్కుబడి వేషాల్లో ఉన్నారు, ఆడవాళ్ళు ముఖాలకు పసుపు పూసుకుని తలల మీద ఘటాలెత్తి ఉన్నారు. వరసలో నిలబడమన్నారు, నిలబడ్డారు. రెండు కళ్ళూ ఒక ముక్కూ ఒక నోరూ ఉంటే చాలు, కెమెరా టింగుమనేది. పులికి అవన్నీ ఉన్నాయి. టింగుమంది. పొద్దు వాలేసరికి జంగాలవలస నూరు శాతం పూర్తయింది. జిల్లాలో మొదటి బహుమతి కూడా వచ్చింది.

తవిటినాయుడు తెర దగ్గరకు వంగి ఆ పులిని చాలాసేపు చూశాడు. ఆ ఫోటో పొద్దున తీసింది. ఆ సాయంత్రం ఏం జరిగిందో ఊరందరికీ తెలుసు. గుడి ముందు మంచం మీదుగా దూకబోయిన పులికి గాలిలోనే పిక్క పట్టేసింది. పులి నేల మీద పడి, "అమ్మా" అంది. అదే మంచం మీద పడుకోబెట్టి ఇంటికి మోసుకొస్తుంటే తోక దారి పొడుగునా దుమ్ములో ఈడ్చుకుంటూ వచ్చింది. ఎవరో పిల్లవాడు "పులితాత, పులితాత" అని వెంటపడ్డాడు. ఆ మర్నాడే తవిటినాయుడు తోకను గోనెసంచిలో చుట్టి అటక మీద పెట్టేశాడు. ఇంక కట్టనన్నాడు. మళ్ళీ ఆ మాట ఎత్తలేదు, ఎవరినీ ఎత్తనివ్వలేదు.

"ఈ ఫోటో తీసేసి కొత్తది పెట్టు అన్నా" అంది నీలవేణి.

"మార్పుకి దరఖాస్తు పెట్టొచ్చమ్మా. కానీ దానికీ లాగిన్ అవ్వాలి."

"లాగిన్ అవడానికి?"

శశిభూషణ్ తెర వైపు చూపించాడు. "ఆయనొచ్చి ముఖం చూపించాలి."

మర్నాడు స్వరూప సమన్వయాధికారి దివాకరంగారు స్వయంగా వచ్చారు. నిరుటి శిబిరం ఆయన ఆధ్వర్యంలోనే జరిగింది. బహుమతి అందుకున్నదీ ఆయనే. ఎత్తైన మనిషి, గొంతు ఇంకా ఎత్తు. ఆయన సచివాలయం వరండాలో నిలబడి, గుమిగూడిన ఊరి వైపు జాలిగా చూశారు. అప్పటికి తేలిందేమిటంటే, ఊళ్ళో ఒక్కరి ముఖం కూడా సర్వరుతో కలవడం లేదు. రేషన్ డిపో లక్ష్మున్నాయుడు ఒకప్పుడు సైన్యంలో పనిచేసి వచ్చినవాడు, బుర్రమీసాలవాడు. సర్వరులో ఆయన చీర కట్టుకుని, ముక్కుకు బులాకీ పెట్టుకుని, సిగ్గుపడుతున్నాడు.

"సమస్యను నేను కూలంకషముగా పరిశీలించితిని" అన్నారు దివాకరంగారు. "సర్వరునందు ఎట్టి లోపమూ లేదు. సర్వరు అబద్ధమాడదు. దానికి అట్టి సదుపాయము కల్పింపబడలేదు. కనుక లోపము ప్రజలయందే కలదు."

"మాలో ఏటి లోపం బావూ?" అన్నాడు మేకల బంగారయ్య. ఆయన జాతరలో ఎలుగుబంటి. గోగునారతో అల్లిన ఎలుగు తలకాయ ఒకటి తరతరాలుగా వాళ్ళింట్లో ఉంది.

"వ్యత్యాసము. సర్వరునందు నమోదైనది మీ ప్రామాణిక స్వరూపము. ప్రస్తుతము మీరు ధరించి వచ్చినది వ్యత్యాస స్వరూపము. ఈ ముఖములతో మీరు ఇన్నాళ్ళు సంచరించుటయే ఆశ్చర్యము. అయినను ప్రభుత్వము దయామయము. రేపటినుండి ఇచ్చటనే ప్రామాణిక స్వరూప పునరుద్ధరణ శిబిరము నిర్వహింపబడును. రంగులు, మీసములు, సవరములు శాఖవారే సమకూర్చెదరు."

జనం ఒకరి ముఖాలొకరు చూసుకున్నారు. లక్ష్మున్నాయుడు మీసం తడుముకున్నాడు.

"మీసం తియ్యాలా సార్?" అన్నాడు నెమ్మదిగా.

"ఆ మీసము వ్యత్యాసము" అన్నారు దివాకరంగారు.

బుధవారం శిబిరం మొదలైంది. టెంటు కింద ఒక బల్ల మీద పసుపు రంగు డబ్బాలు, ఒక బల్ల మీద నలుపు, ఇంకో బల్ల మీద అద్దాలు. రంగులు పూసేవాళ్ళు పట్నం నుంచి వచ్చారు. మామూలుగా వాళ్ళు ప్రహరీగోడలకు సున్నం వేస్తారట, టెండరులో తక్కువకు పాడారు. పని చకచకా సాగింది. రాజు వేషం జగ్గయ్య అట్ట కిరీటం పెట్టుకుని కెమెరా ముందుకు వచ్చి కళ్ళార్పాడు. టింగుమంది. రైతు భరోసా కాగితం బయటికొచ్చింది. అందరూ చప్పట్లు కొట్టారు. బైరాగి వేషానికి పెన్షను వచ్చింది. సన్యాసమ్మ ముఖానికి పసుపు పూసుకుని, ఘటం దొరక్క నెత్తిన నీళ్ళబిందె పెట్టుకుని వెళ్తే, గ్యాస్ సబ్సిడీ సంగతి తెలిసింది. లక్ష్మున్నాయుడు మీసం తీసేసి, భార్య పట్టుచీర కట్టుకుని, ఎంత సిగ్గుపడినా సర్వరుకు చాలలేదు. "ఇంకొంచెం తల వంచండి సార్, అప్పుడు బాగా వంచారు" అని శశిభూషణ్ ప్రోత్సహించాక మూడో ప్రయత్నంలో పాసయ్యాడు.

మధ్యాహ్నానికి ఇంకో చిక్కు తెలిసింది. ఈ ముఖం ఒక్క కాగితంతో పోయేది కాదు. బ్యాంకు కూడా అదే సర్వరును అడుగుతుంది, ఎరువుల కొట్టూ దాన్నే అడుగుతుంది. రంగు కడుక్కున్నవాళ్ళు మళ్ళీ వచ్చి వరసలో నిలబడాల్సి వచ్చింది. దాంతో జనం కడుక్కోవడం మానేశారు. సాయంత్రం బస్సు దిగిన చుట్టాలకు ఊరు వింతగా కనిపించింది. రాజు గేదెలు తోలుకెళ్తున్నాడు. బైరాగి మందు కొడుతున్నాడు, పత్తి చేనుకే. డిపో ముందు పట్టుచీర కట్టుకున్న మనిషి భుజం మీద బియ్యం బస్తా మోస్తూ, తూకం దగ్గర మాత్రం మిలిటరీ గొంతుతో "లైన్లో ఉండండి!" అని అరుస్తోంది. కొత్తగా పెళ్ళయి వచ్చిన ఒక అల్లుడు మామూలు ముఖంతో వీధిలో కనిపిస్తే, బీటు కానిస్టేబులు ఆపి, "ఏం బాబూ, నీ స్వరూపమేదీ? ఊరికే ఇలా తిరుగుతున్నావేంటి?" అని అడిగాడు.

ఎవరికీ నవ్వు రావడం లేదు. నీలవేణి అదే గమనించింది. మొదటి పూట అందరూ నవ్వుకున్నారు. రెండో పూటకు రంగు బాగా ఆరిందా లేదా అని మాత్రమే చూసుకుంటున్నారు.

సాయంత్రం దివాకరంగారు లెక్క చూసుకుని ముఖం చిట్లించారు. "నూరు శాతము కాలేదు. రెండు స్వరూపములు లోటు. ఎలుగు రేపు వచ్చునట. పులి ఎచ్చట?"

పులి ఇంట్లో తాడు పేనుతున్నాడు.

దివాకరంగారు, వెనక శశిభూషణ్, ఆ వెనక రంగు డబ్బా పట్టుకున్న సున్నం మనిషి తవిటినాయుడి గుమ్మం ఎక్కారు. నీలవేణి మంచం వాల్చింది. దివాకరంగారు కూర్చోలేదు.

"నాయుడుగారూ, మీ ఒక్కరి కారణముగా మండలము వెనుకబడినది. వీరు ఇచ్చటనే పూసెదరు. రెండు నిమిషముల పని."

తవిటినాయుడు తాడు పేనడం ఆపలేదు. "రెండు నిమిసాల్లో పులవుతాదా బాబూ?"

"గోడంతా పది నిమిషాల్లో కొట్టేస్తానండి" అన్నాడు సున్నం మనిషి వినయంగా.

"పులి కట్టాలంటే ఒక పూట పస్తుండాల. నేల మీద తొంగోవాల. అమ్మోరికి సెప్పుకోవాల. రంగు ఇంట్లోనే నూరుకోవాల. ఇయన్నీ సేసి, డప్పు లెగిత్తేనే పులి లెగుద్ది. డబ్బాలో పులుండదు బాబూ." ఆయన అన్ని మాటలు ఒక్కసారి మాట్లాడడం నీలవేణి ఎప్పుడూ వినలేదు. ఆయనకే అలుపు వచ్చినట్టుంది, తాడుకు ఇంకో మెలిక వేసి, "అయినా నాను మానీసినాను" అన్నాడు.

"మానివేయుటకు నియమములు లేవు. సర్వరునందు మీరు పులియే. పులి హాజరు కానిచో, పులి తప్పిపోయినట్లు నేను అటవీశాఖకు వ్రాయవలసియుండును."

"రాసుకోండి" అన్నాడు తవిటినాయుడు.

రాశారు కూడా. గురువారం పొద్దునే అటవీశాఖ నుంచి ఒకాయన వచ్చి దొడ్లో అడుగుజాడలు వెతికాడు. కోళ్ళేమైనా తగ్గాయా అని సన్యాసమ్మను అడిగాడు. నర్సింగు సీటు సంగతి విని సానుభూతిగా తల ఊపి, "పులి సంతానానికి జూపార్కులో అయితే నేను మాట్లాడగలనమ్మా" అన్నాడు నీలవేణితో.

ఆయన పోయాక సన్యాసమ్మ మొగుడి మీద విరుచుకుపడింది. "ఊరంతా ఎల్లొచ్చింది. మీసం తీసీసి ఆ మిలిట్రీ మావే ఎల్లొచ్చినాడు. నీకేటి, ఈ గుంట బతుకు కన్నా నీ బింకం ఎక్కువా? రేపే ఆకరు!"

తవిటినాయుడు గోడ వైపు చూశాడు.

"సూసినావా?" అంది సన్యాసమ్మ కూతురితో. "ఈయన నాలుగొందల మూడు. మనమెవులిమో తెలుసు. అయినా కదలడు."

నీలవేణికి తండ్రి మీద కోపం రావాలి. వచ్చింది కూడా, కొంచెం. కానీ ఆయన మంచం మీద కూర్చుని ఎడం పిక్కను రుద్దుకుంటూ ఉండడం ఆమె చూసింది. అది అలవాటుగా రుద్దుకోవడమే, నొప్పి ఎప్పుడో పోయింది. దుమ్ములో ఈడ్చుకుంటూ వచ్చిన తోక గుర్తొచ్చింది. ఆ రోజు దాన్ని ఎత్తి పట్టుకోవాలని తనకెందుకు తోచలేదో!

"పోన్లే నాన్నా" అంది. "ఈ ఏడు మిషను కుట్టడం నేర్చుకుంటాను. వచ్చే ఏడు చూద్దాం."

తవిటినాయుడు ఆమె వైపు తిరిగాడు. లేచి దొడ్లోకి వెళ్ళిపోయాడు.

ఆ మధ్యాహ్నం శిబిరంలో వరస చివర బంగారయ్య మిగిలాడు. మేకలపాక కాగితం కావాలి ఆయనకు. గోగునార ఎలుగు తలకాయ తగిలించుకుని కెమెరా ముందు నిలబడ్డాడు. టింగుమంది. ప్రింటరు లోంచి కాగితం వచ్చింది. శశిభూషణ్ అది తీసి, చదివి, మళ్ళీ చదివి, నెమ్మదిగా లేచి నిలబడ్డాడు.

"ఏటి బావూ, పాక రాలేదా?"

"పాక కాదు చినమావా. ప్రమోషను." శశిభూషణ్ గొంతు సవరించుకున్నాడు. "స్వరూప సమన్వయాధికారిగా విశేష సేవలందించిన మిమ్మల్ని రాష్ట్ర కార్యాలయంలో ఉపసంచాలకులుగా నియమిస్తున్నారు. సోమవారం చేరమని ఉంది."

దివాకరంగారు ఒక్క అంగలో వచ్చి కాగితం లాక్కున్నారు. "ఇది నాది! నేను ఎదురుచూచుచున్న ఉత్తర్వు!"

అప్పుడు ఇంకో సంగతి గుర్తొచ్చింది. నిరుడు శిబిరాన్ని ప్రారంభిస్తూ తొలి ముఖం నమోదు చేసుకున్నది దివాకరంగారే. ముఖ్య అతిథికి ఏ గౌరవం చేయాలా అని ఊరివాళ్ళు ఆలోచించి, ఆ రోజు ఊళ్ళో ఉన్నవాటిలోకెల్లా పాతదీ పవిత్రమైనదీ అయిన వస్తువును ఆయన తలకు తొడిగారు. ఆయన కాదనలేదు. అభిమానానికి కన్నీళ్ళు కూడా పెట్టుకున్నారు, తలకాయ లోపల కాబట్టి ఎవరికీ కనిపించలేదు. ఆ వెంటనే కెమెరా టింగుమంది. ఆ తర్వాత అదే తలకాయ బంగారయ్యకు ఇచ్చారు. మళ్ళీ టింగుమంది. రెండు ఎలుగుల్లో సర్వరు ముందొచ్చిన దాన్నే గుర్తుపెట్టుకుంది.

"నాను సోమారం ఎల్లాలంటే మేకల్ని ఏటి సెయ్యాల బావూ?" అన్నాడు బంగారయ్య తలకాయ లోంచి. "కూడా తోలుకెల్లొచ్చా? క్వార్టరిత్తారా?"

"మూర్ఖుడా, ఆ అధికారిని నేను!"

"సార్" అన్నాడు శశిభూషణ్ ఎంతో మర్యాదగా, "సర్వరు అబద్ధమాడదని తమరే..."

"ఆ తల ఇటు ఇమ్ము!"

దివాకరంగారు ఎలుగు తలకాయ తగిలించుకున్నారు. కళ్ళు ఆర్పారు. తల కుడిపక్కకు తిప్పారు. నవ్వమంటే నవ్వారు, కనీసం లోపల నవ్వే ఉంటారు. చక్రం తిరిగి తిరిగి ఆగింది.

శశిభూషణ్ చదివాడు. "తమరికి ఈ ఉత్తర్వు ఇప్పటికే అందజేయబడినది. మరల కోరువారు తమరు కారు."

"ఇది నాలుగొందల ఒకటా, మూడా?" అని వెనక నుంచి సన్యాసమ్మ ఆసక్తిగా అడిగింది.

దివాకరంగారు తలకాయ తీయకుండానే జీపెక్కారు. జీపు ఊరు దాటేదాకా బంగారయ్య దాని వెంట పరిగెత్తాడు, ఉద్యోగం కోసం కాదు, తలకాయ కోసం.

ఆ సందడంతా చూసి నీలవేణి ఇంటికి వచ్చేసరికి తవిటినాయుడు అమ్మవారి గుడి వైపు నుంచి వస్తూ ఎదురయ్యాడు. దీపాలు పెట్టాక సన్యాసమ్మ కంచం పెడితే, వద్దని చెయ్యి అడ్డం పెట్టాడు. మంచం ఎత్తి గోడకు ఆనించి, చాప పరుచుకుని నేల మీద పడుకున్నాడు.

"అలిగినాడు" అంది సన్యాసమ్మ. "ఆకలేస్తే ఆయనే లెగుస్తాడు."

నీలవేణి అటక వైపు చూసింది. గోనెసంచి అక్కడ లేదు.

శుక్రవారం పొద్దున ఆమె మళ్ళీ గోలెం దగ్గర కూర్చుని గిన్నెలు తోముతోంది. వెనక గది తలుపుకు లోపల గడియ పెట్టి ఉంది. దాని సందులోంచి నూరిన రంగు వాసన, గోందు వాసన వస్తున్నాయి. ఎప్పుడు లేచాడో, ఎంతసేపటి నుంచి తీర్చుకుంటున్నాడో తెలియదు. వీధి చివర ఎవరో గడ్డి మంట వేసి డప్పు కాస్తున్నారు. చర్మం బిగిసిందో లేదో చూడడానికి మధ్యమధ్య వేలితో ఒక్కో దెబ్బ వేస్తున్నారు.

ఫోను టింగుమంది.

"ముఖ్య ప్రకటన. పాలనా కారణముల దృష్ట్యా నిరుటి స్వరూపములన్నియు తక్షణమే రద్దు చేయబడినవి. రేషన్ కార్డులందలి సహజ ముఖములు పునఃస్థాపింపబడినవి. ప్రజలు తమ తమ ముఖములతోనే డౌన్‌లోడ్ చేసుకొనవలెను. వేషములు ధరించి సర్వరును తికమక పెట్టరాదు. ఇట్లు, దివాకరం, సోమవారము నుండి ఉపసంచాలకులు."

నీలవేణి చేతులు తుడుచుకుని, దొడ్లోంచి వచ్చిన తల్లిని పిలిచి ముఖం ముందు ఫోను పట్టింది. సన్యాసమ్మ ముఖాన పసుపు లేదు, నెత్తిన బిందె లేదు. చక్రం అర చుట్టు తిరిగి ఆగింది. టింగుమంది.

"తెరుచుకుంది" అంది నీలవేణి.

"హమ్మయ్య, నాను నానే!" అంది సన్యాసమ్మ. వెంటనే కళ్ళు మెరిశాయి. "అయితే మీ నానకీ ఉత్తి ముకం సాలు! ఇక్కడే, ఈ అరుగు మీదే అయిపోద్ది. సీటు దక్కినట్టే! ఒలే, సెప్పీయే ఆయనకి, ఇంక రంగూ గింగూ..."

గడియ తీసిన చప్పుడయింది.

తలుపు లోంచి పులి బయటికి వచ్చింది. పసుపు ఒంటి మీద చారలు ఒక్కొక్కటీ కొలిచి గీసినట్టున్నాయి. బుగ్గల మీద తెల్లచుక్కలు ఇంకా తడిగా మెరుస్తున్నాయి. పొట్ట నిరుటి కన్నా కొంచెం పెద్దదే, కానీ చారలు దాన్ని కూడా తమలో కలిపేసుకున్నాయి. ఆ కళ్ళు మాత్రం సర్వరులో ఉన్న కళ్ళే.

సన్యాసమ్మ నోరు తెరిచింది. నీలవేణి బూడిద చేత్తోనే ఆమె మణికట్టు పట్టుకుని గట్టిగా నొక్కింది. సన్యాసమ్మ కూతురి ముఖం చూసింది, మొగుడి ముఖం చూసింది. తెరిచిన నోరు మూసుకుంది.

సాయంత్రందాకా టైముంది. పట్నం బస్సు మధ్యాహ్నం. సచివాలయం వీధి ఊరికి ఆ చివర, మధ్యలో ఊరంతా ఉంది. తిరిగొచ్చాక వేడినీళ్ళు కాచి, కొబ్బరినూనెతో రంగు తీసి, ఆ ముఖం ముందు ఫోను పట్టడానికి ఎంతసేపు కావాలి గనక. నీలవేణి ఫోనును బోర్లించి, తోమిన తపేలా కింద పెట్టింది.

పులి కూతురి ముందు ఒక్క క్షణం ఆగింది. నీలవేణి లేచి, నేల మీద వాలి ఉన్న తోకను ఎత్తి, కొసనున్న గడ్డిపరక దులిపి, ఆయన చేతికి అందించింది.

వీధి చివర డప్పు బిగిసింది. తవిటినాయుడు తోకను గడపకు తగలకుండా ఎత్తి పట్టుకుని, ఎడం కాలు ముందు పెట్టి వీధిలోకి దిగాడు.